చేరిన పూట

1987 ఆగస్టు 11, మంగళవారం, పగలు మూడు గంటలు. ప్రిన్సిపాల్ గది. హాజరైనవారు: ప్రిన్సిపాల్, కరీంనగర్ నుంచి వచ్చిన కాలేజీ వకీలు, లైబ్రరీ అటెండరు, పదిహేడేళ్లు ల్యాబ్ అటెండరుగా చేసి మార్చిలో గుమాస్తా అయినతను, ఆఫీసు సూపరింటెండెంటుగా నేను.

ఆనాటి డైరీ పేజీలో రాసుకున్నది ఇంతే. మిగతాది ఇప్పుడు రాస్తున్నాను.

మాది బెల్లంపల్లి దగ్గర సర్కారు గ్రాంటుతో నడిచే ఒక ప్రైవేటు కాలేజీ. అటెండర్లలో సీనియరుకు ఇచ్చే గుమాస్తా పోస్టు ఒక్కటే ఉండేది. ల్యాబ్, లైబ్రరీ అటెండర్లిద్దరూ 1970 జులైలో ఒకే రోజు చేరారు. రిజిస్టరులో ఇద్దరికీ ‘పూర్వాహ్నం’ అనే ఉంది. ఒకే పూట చేరితే వయసులో పెద్దవాడు సీనియరు. ఆ లెక్కన చెన్నూరు నుంచి వచ్చిన ల్యాబ్ అటెండరుకు ప్రమోషను దక్కింది. మందమర్రి బొగ్గుబాయి కార్మికుడి కొడుకైన లైబ్రరీ అటెండరు హైకోర్టుకు వెళ్లాడు. అవతలి మనిషి వచ్చింది మధ్యాహ్నమనీ, అతని సర్వీసు మరునాటి నుంచే లెక్కకు వస్తుందనీ, కాబట్టి తానే సీనియరుననీ అతని వాదన.

ఆ రిజిస్టరు రాసింది నేను. అప్పుడు నేను గుమాస్తాను.

ప్రిన్సిపాల్ గదిలో కూడడానికి ముందురోజు సాయంత్రం ల్యాబ్ అతను మా ఇంటికి వచ్చాడు. కుర్చీ చూపించినా కూర్చోలేదు.

“మొన్న మా బాపు ఆఫీసుకొచ్చి నా టేబుల్ పక్కన గంట సేపు కూసున్నడు సారు. ఏం మాట్లాడలే. నన్ను సూసుకుంట కూసున్నడు. గా కుర్సీ పోయిందని ఆయనకెట్ల జెప్పాలె? మిమ్మల్ని అబద్ధమాడుమంటలేను. మేం చేరిన ఏడాది డైరీ దొరకలేదనుండ్రి, సాలు.”

నేను అవునని అనలేదు, కాదని అనలేదు. అతను వెళ్లాక ట్రంకు తెరిచి 1970 డైరీ తీసి సంచిలో పెట్టుకున్నాను.

ప్రిన్సిపాల్ మమ్మల్ని పిలిచింది రాజీ కోసం. ఆ ఇద్దరూ పక్కపక్కనే నిలబడ్డారు. పదిహేడేళ్లుగా వాళ్లు ఒకరినొకరు ‘బావా’ అనే పిలుచుకుంటారు. కేసు పడ్డా ఆ పిలుపు మానలేదు.

“చేరిన దినం వానల తడిసి వచ్చినవ్. నా తువ్వాలతోనే తల తుడుచుకున్నవ్ గాదు, బావా?” అన్నాడు లైబ్రరీ అతను.

“తుడుచుకున్న. పొద్దుగాల గూడ తుడుచుకుంటరు, బావా.”

“అప్పటికి నేను సద్ది గూడ తిన్న. మిగిలిన రొట్టె నీకే పెట్టిన. గది గూడ మర్సిపోయినవా?”

వకీలు నవ్వాడు. “తువ్వాల, రొట్టె కోర్టుల నడువయ్. రిజిస్టరున్నది, రాసిన మనిషున్నడు. అది నిజమేనని సూపరింటెండెంటు గారు అఫిడవిట్ మీద సంతకం జేస్తే కథ ఖతం.”

“సారు రోజూ డైరీ రాస్తడు,” అన్నాడు లైబ్రరీ అతను. “కాలేజంత ఎరుకే. గా దినం ఏం రాసిండో సదువుమనుండ్రి.”

ప్రిన్సిపాల్ నా వైపు తిరిగాడు. “ఉందా అండీ?”

ల్యాబ్ అతను నన్ను చూడలేదు. కిటికీలోంచి బయటికి చూస్తున్నాడు.

నిజం కోసం ఆ డైరీ తీశానని చెప్పుకోవాలని ఉంది. కానీ అది కాదు. నా రిటైర్మెంటుకు ఇంకో ఏడాది ఉంది. కోర్టులో తప్పుడు ప్రమాణం చేసి దొరికితే పెన్షన్ ఆగుతుందని భయపడ్డాను. డైరీ తీసి ఆ పేజీ చదివాను:

“చెన్నూరు దగ్గర వాగు పొంగి బస్సు ఆగిందట. అతను రెండుంబావుకు వచ్చాడు. చేరడానికి గడువు ఈ పూర్వాహ్నంతో ముగిసింది. పూర్వాహ్నం అనే వేశాను. పాపం, లేకుంటే నౌకరీ పోతుంది.”

తర్వాత వకీలు గబగబా తేల్చేశాడు. ఇది కోర్టుకెక్కితే ల్యాబ్ అతని నౌకరీకే మోసం వస్తుంది, నా మీద దొంగరాత కేసు అవుతుంది. అందుకని ప్రమోషను ఇవ్వాళే రద్దు. ఆ పోస్టు లైబ్రరీ అతనికి. అతను రిట్ వెనక్కి తీసుకుంటాడు. డైరీ మాట ఈ గది దాటదు.

“మరి నాకు?” అన్నాడు ల్యాబ్ అతను.

“మల్ల ఖాళీ అయితే సూద్దాం.”

“ఎప్పుడైతది?”

ప్రిన్సిపాల్ కాగితాలు సర్దుకోవడం మొదలుపెట్టాడు. నేను కాపాడుకున్నది నన్నే. అందుకు పోయింది అతని కుర్చీ.

బయట వరండాలో లైబ్రరీ అతను నా దగ్గరికి వచ్చాడు. గెలిచిన ముఖం కాదు.

“పదిహేడేండ్లు పెట్టెల దాసినవ్ సారు. మార్చిల ఒక్క మాట జెప్తే ఆయన గా కుర్సీ ఎక్కకపోతుండె, నేను కోర్టుకు పోకపోతుంటి.”

నేను డైరీ సంచి చంకన పెట్టుకుని మెట్లు దిగాను.

మరునాడు పొద్దున నేను వెళ్లేసరికి ల్యాబ్ అతను ఆఫీసు గుమ్మంలో ఉన్నాడు. మళ్లీ ఖాకీ చొక్కా వేసుకున్నాడు. ఐదు నెలలు మడతపెట్టి ఉన్న గీతలు దాని మీద అలాగే ఉన్నాయి. హాజరు పుస్తకం నా ముందు తెచ్చి పెట్టాడు.

“ఏ పేజీల పెట్టాలె సారు సంతకం?”

అటెండర్ల పేజీ తిప్పాను. అందులో అతని పేరు లేదు. అందరికంటే కింద, నిరుడు చేరిన స్వీపరు పేరు తర్వాత, అతని పేరు రాశాను. అతను సంతకం చేశాడు. గోడ గడియారం వైపు చూసి, పక్కనే ‘9.40’ అని వేశాడు. ఆ పేజీలో అంతవరకు ఎవరూ టైము వేయలేదు.

ల్యాబ్ తాళంచెవులు అడిగి తీసుకుని వెళ్లిపోయాడు.