గోడ ముందు కూర్చున్న గుమ్‌సుక్ అక్క

ప్యో గుమ్‌సుక్ అక్క తేబెక్ అనే గనుల ఊళ్ళో బొగ్గుగని కార్మికుడి కూతురు. చోంగ్జు నగరంలోని మా నీటి పరీక్షల ల్యాబులో పంతొమ్మిదేళ్ళుగా పనిచేస్తోంది. సీసా మూత తీయగానే క్లోరిన్ ఎక్కువైందో తక్కువైందో వాసన పట్టి చెప్పేది. అయినా మీటరు చూడకుండా కాగితం మీద అంకె వేసేది కాదు.

మా రిపోర్టు బయటికి వెళ్ళాలంటే పేరు చెక్కిన ముద్రలు రెండు పడాలి. పరీక్ష చేసినవాళ్ళది ఒకటి, సరిచూసినవాళ్ళది ఒకటి. పని ఆగకూడదని అందరి ముద్రలూ ఒకే డబ్బాలో పెట్టేవాళ్ళం. మనిషి లేకపోతే పక్కనున్నవాళ్ళు వేసేసేవాళ్ళు. మార్చిలో ఒక గురువారం అక్క తండ్రి తద్దినానికి తేబెక్ వెళ్ళింది. ఆ రోజు పరీక్ష నేను చేశాను. డేకేర్ మూసేలోగా మా బాబు దోయున్‌ను తెచ్చుకోవాలన్న తొందరలో ఆమె ముద్ర కూడా నేనే వేశాను. నా అంకె తప్పు.

నీళ్ళు పంపిన బడి ఫిర్యాదు చేసింది. సెలవులో ఉన్న మనిషి ముద్ర ఎలా పడిందని కంపెనీ నిలదీసింది. అక్క ఎవరి పేరూ చెప్పలేదు. విచారణ ముగిసేవరకు ఆమెను పని నుంచి తప్పించారు. ఇంటికీ పంపలేదు. నాలుగో అంతస్తులో జిరాక్స్ మెషిన్ పక్కన, గోడకు ఎదురుగా ఖాళీ బల్ల వేశారు. పొద్దున తొమ్మిది నుంచి సాయంత్రం ఆరు దాకా అక్కడే కూర్చోవాలి.

ముద్ర వేసింది నేనేనని, ఆమెను అక్కడ కూర్చోబెట్టిన మొదటి సాయంత్రమే అక్కతో చెప్పాను.

“నీది ఏడాది కాంట్రాక్టు. ప్రస్తుతానికి నోరు మూసుకో, దోయున్ వాళ్ళమ్మా,” అంది.

విచారణ ఎప్పుడని అడిగినప్పుడల్లా మేనేజర్ తక్ “వచ్చే వారం” అనేవాడు. ఒకరోజు అందరి ముందూ నవ్వుతూ, “కూర్చోబెట్టి జీతమిస్తున్నాం, ఇంకేం కావాలి ప్యో గారూ?” అన్నాడు.

“పని,” అంది అక్క.

కార్మిక కమిషన్‌కు మూడు నెలల్లోపు అర్జీ పెట్టుకోకపోతే ఇక వినరు. తక్ చెప్పిన ‘వచ్చే వారాలు’ పన్నెండు గడిచాక ఆమెకు ఆ సంగతి తెలిసింది. ఇంకా రెండు రోజులు మిగిలుండగా వెళ్ళి అర్జీ ఇచ్చింది.

ఆగస్టులో వాదనలు జరిగిన రోజు నేను వెనక వరసలో కూర్చున్నాను. ఇంతకీ ముద్ర వేసిందెవరని కమిషన్ పెద్దాయన అడిగాడు.

అక్క లేచి నిలబడింది. “అది విచారణలో తేలాలండీ. నేనడిగేది ఒక్కటే. ఆ గోడ ముందు ఎప్పటిదాకా కూర్చోవాలి?”

పెద్దాయన తక్ వైపు తిరిగాడు. విచారణ ముగిసేదాకా అన్నాడు తక్. ఎప్పుడు ముగుస్తుందంటే చెప్పలేమన్నాడు. ఈ ఐదు నెలల్లో ఎంతమందిని పిలిచి అడిగారంటే కాగితాలు తిరగేసి, తిరగేసి, ఒక్కరినే అన్నాడు. ఆ ఒక్కరూ అక్కే.

సాయంత్రం ఎనిమిదికి, మేమిద్దరం సోయా పులుసు తింటుండగా ఆమె ఫోనుకు కబురొచ్చింది. గడువు లేకుండా పక్కన పెట్టడం అన్యాయం, పాత పనిలోకి తీసుకోవాలి. నాకు ఏడుపు ఆగలేదు.

“నీళ్ళు తాగు,” అంది అక్క. “ఇప్పుడు వాళ్ళు అసలు విచారణ మొదలుపెడతారు. ఇన్నాళ్ళూ నీ పేరు చెప్పలేదు. ఇకమీదట అడిగితే అబద్ధమాడను. ఆ లోపు నువ్వే చెప్పు.”

“నన్ను తీసేస్తే, అక్కా?”

“తీసేయొచ్చు,” అంది.

తీర్పు కాగితం కంపెనీకి చేరిన మర్నాడు అక్క తెల్లకోటు తొడుక్కుని ల్యాబులోకి వెళ్ళింది. నేను నాలుగో అంతస్తుకు వెళ్ళి తక్ గది తలుపు తట్టాను.