పుట్ట ముందు గుప్పెడన్నం

మా మేనత్త వంగి, కొప్పులో దాచుకున్న చిన్న ఆకు పొట్లం తీసి విప్పి, అందులోని పసుపన్నాన్ని చెదపుట్ట మొదట్లో పెట్టిన క్షణాన, అప్పటిదాకా మా వెనక సన్నగా ఈల వేసుకుంటూ వస్తున్న కాన్‌స్టేబుల్ ఈల ఆపేశాడు. నేను వెనక్కి తిరిగి చూడలేదు. ఆ ఎస్టేటులో ప్రమాదం అనేది నాకు మొదటిసారి తెలిసింది అలా, ఒక పాట సగంలో తెగిపోవడం వల్ల.

ఈ సాయంత్రం పక్కింటి మలయ్ ఆవిడ, మా పిల్లలు మక్‌చిక్ అని పిలుచుకునే పెద్దావిడ, వంటింటి గుమ్మంలో నిలబడి, రాత్రికి గట్టి వాన పడేలా ఉంది, పొద్దున్నే పాత తోటలోకి పుట్టగొడుగులకి వెళ్తున్నాను, నీ పిల్లల్ని నాతో పంపు అంది. పిల్లలిద్దరూ ఎగిరి గంతేశారు. నేను సరే అనలేకపోయాను, వద్దనడానికి కారణమూ చెప్పలేకపోయాను, చూద్దాం అని గిన్నెలు కడగడంలో పడ్డాను. ఇప్పుడు వాళ్ళు నిద్రపోయారు, మావారూ పడుకున్నారు, ఆవిడ చెప్పినట్టే వాన మొదలైంది. బంటింగ్ బజారులో క్లాంగ్ బస్సుల రొద అణిగిపోయాక ఇక వినిపించేదంతా రేకుల మీద వానే. నాకింకా ముప్పై నిండలేదు, జ్ఞాపకాలు రాసుకునే వయసు కాదని తెలుసు, కానీ మలయా ఎమర్జెన్సీలో పెరిగిన మన వాళ్ళందరికీ వయసు కాస్త ముందే వచ్చేసింది కదా.

మేనత్త మా నాన్నకి అక్క. శ్రీకాకుళం వైపు ఏదో పల్లె నుంచి తల్లిదండ్రులతో ఓడెక్కి మలయా వచ్చేనాటికి ఆమెకి ఊహ తెలిసీ తెలియని వయసు. నాన్న మాత్రం ఇక్కడే, ఎస్టేటు కూలీల లైన్లలో పుట్టారు. అమ్మానాన్నలు మలేరియాతో పోతే ఆమె రబ్బరు చెట్లు గీసి, పాలు మోసి, తమ్ముణ్ణి బడికి పంపి, ఎస్టేటు ఆఫీసులో గుమాస్తాని చేసింది. ఆయన గుమాస్తా అయ్యారు గనుక నేను కౌలాలంపూరులో కాలేజీ దాకా వెళ్ళాను. ఆమె మాత్రం మాతో గుమాస్తా క్వార్టర్సులో ఉండేది కాదు, లైన్లలోనే ఉండేది, అక్కడైతే నలుగురితో కబుర్లుంటాయని.

వాన పడిన మర్నాడు ఆమె వెనక పుట్టగొడుగులకి వెళ్ళడం నా చిన్నతనంలో నేనెరిగిన పెద్ద పండగ. కొన్ని రోజులు ఎండ కాచి, ఒక్క రాత్రి కుండపోతగా కురిస్తే, తెల్లవారుతూనే ఆమె గాలిని ఒకసారి పీల్చి, ఇవాళ ఉన్నాయి అనో లేవు అనో చెప్పేసేది. ఆమె వెనక వెళ్ళడానికి పద్ధతులుండేవి. గట్టిగా మాట్లాడకూడదు. కనబడిన పుట్టగొడుగు వైపు వేలు చూపించకూడదు, చూపిస్తే అది ఎదగదట. కత్తి తగలనివ్వకూడదు, మొదట్లో వేళ్ళు పెట్టి మెల్లిగా మెలితిప్పి తియ్యాలి. విచ్చుకోని మొగ్గల్ని వదిలెయ్యాలి. అన్నిటికన్నా ముందు, ఒక్కటి కూడా తియ్యకముందే, పసుపు కలిపిన గుప్పెడన్నం పుట్టకి పెట్టాలి. లోపల ఉన్నది చెదలైనా పామైనా అది వాటి ఇల్లు, మనం వాటి గొడుగులు పట్టుకుపోతున్నాం, వట్టి చేతులతో అడగడానికి సిగ్గుండాలి అనేది. పెట్టి, ఒక్క నిమిషం ఆగి, అప్పుడు తీసేది. ఆ పుట్టగొడుగుల్ని ఎండుమిరపకాయలూ వెల్లుల్లీ వేసి ఆమె వండిన కూర రుచి గురించి రాయడం మొదలుపెడితే ఈ రాత్రి చాలదు.

తర్వాత ఎమర్జెన్సీ వచ్చింది. మీకు నేను చెప్పాలా? లైన్ల చుట్టూ ముళ్ళకంచె, రాత్రంతా దీపాలు, గేటు దగ్గర సోదా. తెల్లదొరల మీద తుపాకులు పట్టి అడవిలో ఉన్న కమ్యూనిస్టులకి తిండి అందకూడదని, చెట్లు గియ్యడానికి వెళ్ళేవాళ్ళు ఒక్క మెతుకు కూడా బయటకి పట్టుకెళ్ళకూడదన్నారు. మా ఆడవాళ్ళు మధ్యాహ్నం దాకా ఖాళీ కడుపుతో పాలు గీసి, తిరిగొచ్చాక తినేవారు. గేటు పక్క పాకలో కొంగుముడులూ కొప్పులూ తడిమి చూసేవారు. పుట్టగొడుగుల కోసం తోట అంచుకి వెళ్ళడమన్నది పూర్తిగా పోయింది. వాన పడిన ప్రతి తెల్లవారుఝామునా మేనత్త గుమ్మంలో నిలబడి గాలి పీల్చి, ఏమీ అనకుండా లోపలికి వెళ్ళిపోయేదని లైన్లలో వాళ్ళు చెప్పేవారు.

నేను కాలేజీ సెలవులకి వచ్చిన ఒక ఏడాది, దొరసానికి పుట్టగొడుగుల మీద మనసు పడింది. ఎస్టేటు దొరకి ఆమె కొత్త పెళ్ళాం, ఇసుక బస్తాలు పేర్చిన బంగళాలో పగలంతా ఒంటరిగా ఉండేది, నాకు ఇంగ్లీషు వచ్చని అప్పుడప్పుడు పిలిపించుకునేది. పెళ్ళికి ముందు ఆవిడ ఇటలీలో, ద్రాక్షతోటల కొండల మధ్య, ఒక ముసలి రైతు వెనకా అతని కుక్క వెనకా తిరిగిందట. ఆ కుక్క నేల వాసన చూసి ఓచోట గోకితే, మట్టిలోంచి ముడుతలు పడ్డ బంగాళాదుంపలాంటి పుట్టగొడుగు బయటపడేదట. దాన్ని పల్చగా తురుముకుని తిని, ఆ తోటల ద్రాక్షసారా తాగేవారట. అంత ఆనందంగా ఉన్న రోజు మళ్ళీ రాలేదంటూ చెప్పి, ఇక్కడ కూడా అలా తీసుకెళ్ళేవాళ్ళు ఉన్నారా అని అడిగింది. నేను మేనత్త మాట చెప్పాను. ఆవిడ దొరని ఎన్నాళ్ళు బతిమాలిందో గాని, చివరికి కాపలాకి స్పెషల్ కాన్‌స్టేబుళ్ళతో ఒక ఉదయం వెళ్ళడానికి అనుమతి దొరికింది.

ఈ సంగతంతా కుళాయి దగ్గర మేనత్తకి చెబితే ఆమె బిందె దించి నడుం మీద చెయ్యి వేసుకుంది.

"అక్కడ కుక్క సేసే పనికి ఇక్కడ నన్ను పిలుత్తన్నారా? మరి నా మెడకి తాడేదే?"

చుట్టూ ఉన్న ఆడవాళ్ళు నీళ్ళు ఒలకబోసుకుంటూ నవ్వారు. ఆమె కూడా నవ్వింది గాని, ఆ వేళ సాయంత్రానికే పాత బుట్ట దింపి ఎండలో పెట్టింది. అన్నాళ్ళ తర్వాత తన చెట్ల దగ్గరికి తాను వెళ్ళబోతోంది కదా.

ఆ ఉదయం దొరసాని పక్కన ఉండడం వల్ల గేటు దగ్గర మమ్మల్నెవరూ తడమలేదు. మేనత్త తెల్లచీర కట్టి, తలంటుకున్న జుట్టుని పెద్ద కొప్పుగా చుట్టి, అందరికన్నా ముందు నడిచింది. తడిసిన రబ్బరాకుల మీద ఆమె పాదాల చప్పుడే లేదు. దొరసాని బూట్లు విప్పేసి చేత్తో పట్టుకుంది. కాలువ గట్టు దాటాక, కూలిన పాత చెట్టు పక్కన, పుట్ట చుట్టూ తెల్లగా, గుంపులుగా, ఇన్నేళ్ళూ ఎవరూ ముట్టని పుట్టగొడుగులు. దొరసాని కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. అప్పుడే మేనత్త కొప్పులోకి చెయ్యి పెట్టింది.

దొరసానికి అదీ ముచ్చటగానే కనిపించింది. తనూ చేతులు జోడించింది. ఆ రాత్రి బంగళాలో భోజనానికి వచ్చిన పోలీసు అధికారి ముందు, ఇటలీ కుక్క కన్నా మా ముసలమ్మ ఎంత గొప్పదో, కొప్పులోంచి పొట్లం తీసి పుట్టకి అన్నం ఎంత భక్తిగా పెట్టిందో, దొరసాని సంబరంగా చెప్పింది. అతనూ నవ్వాడట. నవ్వి, ఆ అన్నం గేటు ఎలా దాటిందని అడిగాడట.

మర్నాడు వాళ్ళు వెళ్ళి చూస్తే పుట్ట దగ్గర ఆకు ఒక్కటే ఉంది, మెతుకు లేదు. చీమలు తిన్నాయో పక్షులు తిన్నాయో, ఆ రోజుల్లో అలాంటి జవాబు ఎవరూ తీసుకోరు. ఆఫీసు గదిలో మేనత్తని నిలబెట్టారు, ఎస్టేటులో అందరికీ వచ్చిన అరవంలో అడగడానికి ఒక దుబాసీని పెట్టారు. అంతకుముందే నాన్న ఆమె కాళ్ళు పట్టుకున్నంత పని చేశారు: ఆ ఒక్క రోజే పెట్టాననీ, దొరసాని సరదా కోసం పెట్టాననీ చెప్పు, చాలు, మిగతాది దొర చూసుకుంటాడు. ఆమె తమ్ముణ్ణి వింతగా చూసింది.

"పుట్టకి పెట్టింది సరదాకి పెట్టినానని సెప్పమంతావేట్రా? కళ్ళు పోతాయి."

ఎన్నాళ్ళ నుంచి అన్నం బయట పెడుతున్నావని దుబాసీ అడిగితే, బుద్ధెరిగిన దగ్గర్నుంచీ పెడుతున్నాను, పెట్టకుండా ఏనాడూ తియ్యలేదు అంది, తలెత్తుకుని, ఎంతో మర్యాదగల మనిషినని చెప్పుకుంటున్నట్టు. ఎమర్జెన్సీ మొదలయ్యాక పుట్ట దగ్గరికి ఒక్కసారే వెళ్ళానని చెప్పాలన్న ఆలోచనే ఆమెకి రాలేదు. పుట్ట విషయంలో తాను ఎప్పుడైనా తప్పిందా అని అడుగుతున్నారనుకుంది. వాళ్ళు ఆ మాటని ఉన్నదున్నట్టుగా తీసుకున్నారు. నాన్న మధ్యలో ఏదో చెప్పబోతే బయటకి పంపేశారు.

అడవిలో వాళ్ళకి అన్నం అందించిందని ఆమెని కౌలాలంపూరు జైల్లో నెలల తరబడి ఉంచారు. దొరసాని మా ఇంటికి వచ్చి, బల్ల చివర కూర్చుని, నేనిచ్చిన కాఫీ తాగకుండా, ఎంత అందంగా ఉందో అదొక్కటే చెప్పాను అంటూ ఏడ్చింది. ఆవిడ మీద నాకు కోపం రాలేదు, ఇప్పటికీ రాదు. దొర పైకి రాశాడు, పైవాళ్ళు రాయవలసింది రాశారు. నాన్న ఇక్కడ పుట్టినవారు గనుక ఆయన్ని ఏమీ చెయ్యలేకపోయారు. ఆమె ఓడలో వచ్చింది గనుక ఓడలో పంపెయ్యమన్నారు. ఎక్కడికి అంటే, తన దేశానికి అన్నారు.

స్వెటెన్‌హాం రేవులో మమ్మల్ని కాసేపే దగ్గరికి రానిచ్చారు. ఆమెకి జుట్టు కత్తిరించేశారు, కొప్పు లేదు, ఆమె తల అంత చిన్నదని నాకు అప్పుడే తెలిసింది. పల్లె పేరు ఒకటి తెలుసు, అక్కడ ఎవరున్నారో తెలియదు. ఆమే నాన్నని అడిగింది.

"అక్కడ వానలెప్పుడు పడతాయిరా?"

నాన్నకి తెలియదు. నాకు తెలుసు, కాలేజీలో చదువుకున్నాను. జూన్‌లో మొదలవుతాయత్తా అన్నాను. ఆమె తలూపింది. ఆ తర్వాత ఆమె గురించి మాకు ఏ కబురూ రాలేదు. వెళ్ళొచ్చిన వాళ్ళని అడిగాం, ఆ వైపు పల్లెలు చాలా ఉన్నాయన్నారు.

నా పెళ్ళయింది, పిల్లలు పుట్టారు. మెర్డేకా రోజున, ఈ దేశానికి స్వాతంత్ర్యం వచ్చిన నాడు, నాన్న కొత్త పంచె కట్టుకుని రేడియో దగ్గర కూర్చుని, ఇంకొన్నాళ్ళు ఓపిక పట్టి ఉంచితే అక్కకి కూడా ఈ దేశం వచ్చేదేమో అన్నారు. ఎవరు ఓపిక పట్టాలో ఆయన చెప్పలేదు. ఉత్తరాన అడవుల్లో ఇంకా అయిపోలేదంటున్నారు గాని, మా వైపు భయం లేదని ప్రకటించి కంచెలు తీసేశారు, ఆ ముళ్ళతీగతో జనం కోళ్ళగూళ్ళు కట్టుకున్నారు. పాత రబ్బరు చెట్లకి మందు పోసి చంపి కొత్తవి నాటుతున్నారు. కాలువ గట్టు దగ్గర పుట్టలు ట్రాక్టరు కింద చదునైపోయాయని విన్నాను. మక్‌చిక్‌కి తెలిసిన చోట్లు వేరు, నాకు తెలిసినవి లేవు. పిల్లలు నేను తెలుగులో అడిగితే అరవంలో జవాబు చెబుతారు. మేనత్త నడిచిన నేల మీద ఆమె మాటలు వినిపించవు, ఆమె పద్ధతి పాటించేవాళ్ళూ లేరు. నేను నా పిల్లలకి నేర్పుతానన్న నమ్మకమూ నాకు లేదు. ఒకప్పుడు ఆకలేస్తుందని భయపడేవాళ్ళం, ఇప్పుడు అన్నం కనిపిస్తేనే భయపడేలా నన్ను ఎవరు తయారు చేశారో తెలియదు.

ఇదంతా రాత్రి రాశాను. పొద్దున్న వాన వెలిసింది. పిల్లలు మొహాలు కడుక్కుని, బుట్ట పట్టుకుని, దారిలో తినడానికి అన్నం పొట్లాలు కట్టమన్నారు. నేను రెండు కంచాల్లో వడ్డించి, ఇక్కడే కూర్చుని తినేసి వెళ్ళండి, ఏమీ పట్టుకెళ్ళొద్దు అన్నాను. పెద్దది నా మొహం చూసి, దానికి వచ్చిన తెలుగులో, మక్‌చిక్ మాటల్లోలాగా 'లా' తగిలించి అడిగింది:

"ఎందుకమ్మా? ఇప్పుడు గేటు లేదు లా. ఎవరు చెక్ చేత్తారు?"

ఎవరూ చెయ్యరమ్మా అన్నాను. తిన్నాక చేతులు బాగా కడుక్కోండి, గోళ్ళలో మెతుకు ఉండకూడదు అన్నాను.