నక్షత్రాల పుస్తకంలో రాయని అధ్యాయం

“మీ పుస్తకాలు మా క్లబ్బుల ఉంటే మీ ఇంట్ల ఉన్నట్టే సార్, ఫికర్ జెయ్యకున్రి” అని మా కాలనీ క్లబ్బు సెక్రటరీ చాలా ఏళ్ల కిందట ఒక వానాకాలం మాట ఇచ్చాడు. ఆ మాట నిలబడలేదు. దాన్ని నమ్మిన మా వెనకింటి లెక్చరర్ సారు పోయిన వారం కరీంనగర్ దవాఖానలో కన్నుమూశారు. రాష్ట్రం వచ్చిన సంబరానికి కట్టిన తోరణాలు గోదావరిఖని చౌరస్తాలో ఇంకా విప్పలేదు. వాటి కిందినుంచే ఆయన్ని ఇంటికి తెచ్చారు.

నేను గని ఆఫీసులో గుమాస్తాగా పనిచేసి దిగిపోయినవాణ్ని. చదివింది ఎక్కువ, మెచ్చింది తక్కువ. ఈ ప్రాంతంలో నేను గౌరవించిన చదువరి ఆయన ఒక్కరే. మిగతావాళ్ల గురించి అడిగితే చెబుతాను. ఎవరూ అడగరు.

సారు డిగ్రీ కాలేజీలో ఫిజిక్స్ చెప్పేవారు. వీలు దొరికిన ఆదివారమల్లా రైలెక్కి హైదరాబాదు పోయి, ఆబిడ్స్ ఫుట్‌పాత్ మీద ఖగోళశాస్త్రం పుస్తకాలు ఏరుకొని వచ్చేవారు. పెద్ద లైబ్రరీలు వద్దని తీసేసిన పరిశోధన పత్రికల సంపుటాలంటే ఆయనకు మరీ ప్రాణం. గనిలో గాలిని మళ్లించడానికి కట్టే మందపాటి పరదా గుడ్డ ముక్క ఒకటి పాత విద్యార్థి ఎవరో ఇచ్చాడు. ఓపెన్‌కాస్ట్ గనిలో బ్లాస్టింగు సైరన్ మోగగానే సారు ఆ గుడ్డను అలమార మీదికి దించేవారు. నేల అదిరేది, దుమ్ము లేచేది. అంతా సద్దుమణిగాక గుడ్డ ఎత్తి, పసిపిల్లలకు మొహం తుడిచినట్టు ఒక్కో అట్టనూ తుడిచేవారు.

ఆ పుస్తకాలన్నీ ఒక్క పని కోసం. నక్షత్రం ఎట్లా పుడుతుంది, ఎట్లా బతుకుతుంది, ఎట్లా చనిపోతుంది అన్నది, డ్యూటీ దిగి వచ్చిన మనిషి మంచం మీద ఒరిగి చదువుకొనేటట్టు తెలుగులో రాయాలని ఆయన కోరిక. తెలుగులో చుక్కల మీద అచ్చయినవి నేను కొన్ని చదివాను. జాతకానికీ ఖగోళానికీ మధ్య గట్టు వేయడం చేతకానివాళ్లు రాసినవే ఎక్కువ. సారు అట్లా కాదు. ఒక్క వాక్యం కోసం నాలుగు సంపుటాలు తిరగేసేవారు. “చూసింది రాయాలె అన్నా, యాదికున్నది కాదు” అనేవారు. ఆయన రాసినదాన్ని తిరిగి శుభ్రంగా రాయడం నా పని.

పొద్దుగూకినాక కరెంటు పోతే ఇద్దరం డాబా ఎక్కేవాళ్లం. పక్కనే పవర్‌హౌసు, మాకు చీకటి. చిమ్నీ పొగ మెల్లగా ఒరిగిపోతుంటే దాని అంచున ఒక చుక్క మునిగేది, తేలేది. “గా వెలుగు బయలెల్లినప్పుడు గీడ ఊరే లేదు” అని సారు చెబుతుంటే నాకు కింద ఇళ్లు, గనులు, నా కోపాలు అన్నీ నీళ్లలో నీడల్లా కదిలిపోయేవి. మెట్ల దగ్గర ఆయన భార్య గొంతు వినిపించేది.

“చాయ్ మీ ఇద్దరికేనా, చుక్కలకు గూడ పొయ్యాల్నా?”

“గవ్వి దూరమున్నయి గని, మా ఇద్దరికి పొయ్యి” అనేవారు సారు.

ఆ వానాకాలం ఆయన పాత డాబా ఇల్లు కురవడం మొదలైంది. క్లబ్బుది కొత్త స్లాబు. సెక్రటరీ ఒక గది చూపించి, పైన చెప్పిన మాట చెప్పాడు. సంపుటాలన్నీ రిక్షాలో పోయాయి. సారు రోజూ సాయంత్రం అక్కడికే వెళ్లి రాసుకొనేవారు. ఒక వేసవిలో ఆయన కూతురి దగ్గరికి వెళ్లినప్పుడు సెక్రటరీకి క్యారమ్ బోర్డులు వేయడానికి గది కావలసివచ్చింది.

బొగ్గును పేల్చడానికి తొలిచిన రంధ్రంలో మందు పెట్టాక, దాని నోరు బిగించడానికి కాగితంలో చుట్టిన మట్టి గొట్టాలు కూరుతారు. ఆ గొట్టాలు చుట్టించే కాంట్రాక్టరుకు పాత కాగితం కావాలి. తర్వాతది మీకు అర్థమయ్యే ఉంటుంది.

సారు ఊరి నుంచి వచ్చిన మర్నాడు, ఆయన పాత విద్యార్థి ఒకడు, గనిలో మందు పేల్చేవాడు, షిఫ్టు దిగి, స్నానం కూడా చేయకుండా నేరుగా ఇంటికొచ్చాడు. నేనూ అక్కడే ఉన్నాను. అతని చేతిలో మట్టి అంటిన కాగితం, దాని మీద సుడి తిరిగిన నక్షత్రాల గుంపు.

“సార్, గిది మన బుక్కులదే గదా?”

సారు దాన్ని లుంగీ అంచుతో తుడిచి చూశారు. “మిగిలినయి?”

“పేల్చినం సార్. నాకెర్క లేదు.”

ఆయన ఆ కాగితం మడతలు మోకాలి మీద సాపు చేశారు. తర్వాత సారు మెల్లగా నవ్వారు. “బొగ్గు గూడ ఎన్కటి ఎండనే గదా. చుక్కల కాయితాలు చుట్టాల కాడికే పోయినయి తియ్యి.”

“గా సెక్రటరీ గల్ల పట్టి అడుగుదాం పాండ్రి సారూ” అన్నాను.

“గల్ల పడితె కాయితాలొస్తయా అన్నా?”

నేనే వెళ్లాను. సెక్రటరీ క్యారమ్ ఆడుతూ తల కూడా ఎత్తలేదు. “ఏందే కాక, ఎలుకలు గొట్టిన ఇంగ్లీషు కాయితాలకు గింత లొల్లి? నెట్టుల అన్ని దొరుకుతయట.” అదీ చూద్దామని నెట్ సెంటరులో సారుతో కూర్చున్నాను. ఆయనకు కావలసిన వ్యాసాల్లో చాలావాటికి పైన నాలుగు ముక్కల సారాంశం కనిపించేది, డబ్బు కట్టనిదే లోపలికి పోనిచ్చేది కాదు. పుస్తకం చివరి అధ్యాయం దగ్గర ఆగింది. నక్షత్రం చావు గురించి రాయవలసిన అధ్యాయం అది.

రాష్ట్రం కోసం గనులన్నీ సమ్మెకు దిగిన రోజుల్లో బొగ్గు ఆగి, పొగ పలచబడి, మా మీద ఎన్నడూ లేనంత ఆకాశం తెరుచుకుంది. ఒక సాయంత్రం డాబా మీద సారు కల కంటున్నట్టు చెప్పుకుపోయారు. “పెద్ద చుక్క లోపట మండేది ఒడిసిపోతే దాని బరువు దాని మీదనే పడ్తది అన్నా, గనిల కప్పు కూలినట్టు. గా కూలుడుల నుంచే పెద్ద వెలుగు లేస్తది. గసొంటి చుక్కల మన్నే మన నెత్తుట్ల ఉన్నది.” నా చేయి చూసుకున్నాను. అది నాది కానట్టు, ఎక్కడినుంచో వచ్చి నా ఒళ్లో వాలినట్టు అనిపించింది.

“గిట్లనే చెప్పుండ్రి, నేను రాస్త. పుస్తకం ఒడుస్తది” అన్నాను.

“ఏ లెక్క ఏ పేపర్ల ఉన్నదో చూడకుంట ఎట్ల? తప్పు పడితె గీ పిల్లలు దాన్నే నిజమనుకుంటరు.”

“తప్పు పడితె దిద్దుకుంటరు సారూ. అసలే లేకుంటె ఏం దిద్దుకుంటరు?”

ఆయన లేచి మెట్లు దిగిపోయారు. తర్వాత సెక్రటరీకి సన్మానం జరిగితే మాత్రం వెళ్లి శాలువా కప్పి వచ్చారు. నేను వెళ్లలేదు. ఆ నెలంతా సారుతో మాట్లాడలేదు కూడా.

గోదావరి ఒడ్డున దహనం రోజు సెక్రటరీ మైకు లేకుండానే మాట్లాడాడు. “సారు రాసిన గొప్ప గ్రంథం మన ప్రాంతానికే గర్వకారణం” అన్నాడు. అచ్చుకాని, ముగియని పుస్తకాన్ని అతను గ్రంథం చేశాడు. జనం తలలూపారు. వాళ్లమీద నాకు ఆశ ఎప్పుడూ లేదు. అతనిమీద కోపం కూడా, ఆ ముసలి మెడ చూశాక, ఎక్కడికో జారిపోయింది.

అందరూ వెళ్లిపోతుండగా నీళ్ల మీద చీకటి పడింది. అవతలి ఒడ్డున, చెట్ల పైన, నేనెన్నడూ గుర్తుపట్టలేని ఎర్రటి చుక్క ఒకటి పొడిచింది. దాని పేరు అడుగుదామని పక్కకు తిరిగాను. ఇసుక మీద నేనొక్కణ్నే ఉన్నాను. ఇప్పుడు ఎవరిని అడగాలి? అంతా తెలిసి, ఒక్క తప్పుకు భయపడి, ఆ చివరి అధ్యాయంలో మాకు ఒక్క పేజీ కూడా వదలకుండా పోయిన మనిషి మీద నా కోపం తీరలేదు. నేను ఇంకా తప్పుపడుతున్నది మా లెక్చరర్ సారునే.