పెద్దాయన ఇచ్చిన చిక్కుడు గింజలు

అప్పట్లో నేను బెజవాడలో ఒంటరిగా ఉండే కొత్త టీచరును. ఉయ్యూరు నుంచి తిరిగొస్తుంటే, బస్సులో పక్క సీటు పెద్దాయన ఉన్నట్టుండి అడిగారు.

"మీ పెరడెంతుంటుందమ్మా? పగలు ఇంట్లో ఎవరుంటారు?"

నేను కిటికీ వైపు జరిగాను. "అన్నయ్యలు నలుగురున్నారండీ" అని అబద్ధమాడాను.

"అయితే నీళ్లు పోసే మనుషులున్నారు!" అంటూ సంచిలోంచి పొట్లం తీశారు. "చెట్టుచిక్కుడమ్మా. పందిరి అక్కర్లేదు. అడుగు చోటుంటే రెండు మూడు గింజలు పెట్టుకోవచ్చు."

పొట్లం తీసుకున్నాను గానీ, ఇల్లు కనిపెడతాడేమోనన్న భయంతో రెండు స్టాపుల ముందే దిగిపోయాను. ఆ పొట్లం విప్పడానికి వారం పట్టింది. గుమ్మం పక్క జానెడు మట్టిలోనే మొక్కలు విరగకాశాయి.

ఇప్పుడు ఎవరికైనా ఆ గింజలిచ్చేటప్పుడు ముందు నా పేరూ, ఇంటి గుర్తులూ చెబుతాను.