యాభై పడి, యాభై పెరిగితే

మొన్న విజయవాడ బెంజ్ సర్కిల్ దగ్గర ఒక సూపర్ మార్కెట్‌లో పసుపు ప్యాకెట్ల మీద ‘యాభై శాతం తగ్గింపు’ అని ఎర్రకాగితం అంటించి ఉంది. చిరిగిన ప్యాకెట్ ఒకటి చేతికి తగలగానే ఆ వాసన గుప్పుమంది. బుట్ట అక్కడే వదిలేసి బయటికొచ్చేశాను. ఎవరేమనుకుంటే నాకేం?

తెనాలి వైపు మా ఊళ్లో మాఘమాసం వచ్చిందంటే ఊరంతా పసుపు ఉడికే వాసనే. పెద్ద పెద్ద ఇనప పెనాల్లో కొమ్ములు కుతకుతలాడుతుంటే, పొగకి కళ్లు మండి ముక్కులు కారుతున్నా పిల్లలం పొయ్యి పక్కనుంచి కదిలేవాళ్లం కాదు, ఆ నిప్పుల్లో అమ్మ కప్పెట్టిన చిలకడదుంపలు కాలేదాకా. కళ్లంలో ఎండబోసిన రాశుల చుట్టూ పరుగులు తీసి, పచ్చటి అరికాళ్లతో బడికి వెళితే “వచ్చారమ్మా పెళ్లికూతుళ్లు!” అని మాస్టారు వెక్కిరించేవారు. మాకు సొంతంగా సెంటు భూమి లేదు. నాన్న కౌలుకు చేసే మూడెకరాలే మా బతుకు.

నేను ఏడో తరగతిలో ఉన్నప్పుడు, క్వింటాలు ఎనిమిది వేలున్న పసుపు మా పంట చేతికొచ్చేసరికి నాలుగు వేలకు పడిపోయింది. బస్తాలు కోల్డ్ స్టోరేజీలో పెట్టాం. మార్కెట్ యార్డులో కమీషన్ కొట్టు నడిపే రాఘవయ్యగారు నాన్నకు చిన్ననాటి నేస్తం. “దసరాకి ఇప్పుడున్న రేటు మీద యాభై శాతం పెరుగుద్ది, ఓపిక పట్టు” అన్నారు. ఆ సాయంత్రం నాన్న నన్ను పిలిచాడు.

“అమ్మడూ, యాభై శాతం పడింది. మళ్లీ యాభై పెరిగితే ఎంతవుద్దే?”

కాగితం కూడా తీయలేదు నేను. లెక్కల్లో ఫస్టునని పొగరు!

“యాభై పోయింది, యాభై వచ్చింది. మళ్లీ ఎనిమిది వేలే నాన్నా.”

“చూశావా నా కూతుర్ని!” అని నాన్న అమ్మకేసి చూసి మురిసిపోయాడు.

దసరాకి రేటు ఆరు వేలకు చేరింది. రాఘవయ్యగారు పరుగున వచ్చారు.

“చెప్పినట్టే పెరిగింది. అమ్మేద్దాం పద.”

“ఎనిమిది వస్తేగానీ అమ్మను.”

“ఎనిమిదని నేనెప్పుడన్నానయ్యా?”

“యాభై శాతం అన్నావుగా. మా పిల్ల లెక్క కట్టింది.”

ఆయన ఏదో వివరించబోయారు, నాన్న వింటేగా! గుమ్మం దగ్గర నిలబడి నేనూ గర్వంగా చూశాను, ఖర్మ. కార్తీకం దాటేసరికి రేటు మూడు వేలకు దిగిపోయింది. కౌలు కట్టలేకపోయాం, ఆసామి పొలం ఇంకొకరికిచ్చాడు. విజయవాడ వచ్చి నాన్న ఒక అపార్ట్‌మెంట్ గేటు దగ్గర వాచ్‌మన్‌గా కుదిరాడు.

మరుసటేడు కొత్త బళ్లో టీచరు శాతాల పాఠం చెబుతుంటే నాకు తెలిసొచ్చింది. పడింది ఎనిమిది వేలలో సగం, పెరిగింది నాలుగు వేలలో సగం. ఆరు వేలే సరైన లెక్క. రాఘవయ్యగారు అబద్ధమాడలేదు. ఇంటికెళ్లి చెప్పాలనుకున్నాను. గేటు దగ్గర స్టూలు మీద కూర్చున్న నాన్నని చూశాక ఆ మాట పక్కనబెట్టి లోపలికెళ్లిపోయాను.

ఆ పొలం ఇప్పుడు ప్లాట్లు. పెనాల్లేవు, కళ్లం లేదు, మా ఊళ్లో పసుపు వేసేవాళ్లే లేరు. రాఘవయ్యగారు పోయారు, చివరిచూపుకి కూడా నాన్న వెళ్లలేదు. వయసు మీద పడి అన్నీ మర్చిపోతున్నాడు గానీ, ఇంటికి ఎవరొచ్చినా ఇదొక్కటి మాత్రం చెబుతాడు.

“ఆ రాఘవయ్య ముంచాడండీ మమ్మల్ని. మా అమ్మాయి లెక్క ఏనాడూ తప్పలేదు.” తర్వాత నావైపు తిరిగి అడుగుతాడు, “అంతేగా అమ్మడూ?”

“అంతే నాన్నా” అంటాను.