ఫ్లెక్సీలో నల్లగౌను

పోయిన వారం శామీర్‌పేట వైపు నుంచి వస్తుంటే దారిలో వాన పట్టుకుంది. గొడుగు తెచ్చుకునే అలవాటు నాకు మొదటినుంచీ లేదు, తెచ్చుకున్న రోజు వాన రాదు కనుక. ఆటో దిగి, కొంగు నెత్తిన కప్పుకుని, రోడ్డు పక్కన మా చిన్నాయన కూరగాయలు అమ్మే పందిరి కిందికి దూరాను. పందిరంటే పెద్దదేమీ కాదు. నాలుగు గుంజలు, వాటి మీద పరిచిన ఫ్లెక్సీ గుడ్డ, కింద టమాట గంపలు, తడి గోనెసంచి కప్పిన పాలకూర కట్టలు, ఒక చెయ్యి విరిగిన ప్లాస్టిక్ కుర్చీ. రోడ్డు మీంచి చూస్తే పైన ఉన్నది తెల్లటి గుడ్డ, అంతే. కుర్చీలో కూర్చుని, నీళ్లు ఎక్కడ కారుతున్నాయో చూద్దామని తల పైకెత్తాను. నా నెత్తి మీద నల్లటి టోపీ, నల్లటి గౌను, వాటి మధ్య గుండ్రటి మొహం. మా చెల్లెది. చిన్నాయన కూతురిది. పదేళ్ల కిందటి ఆ ఫ్లెక్సీ ఎప్పుడో చెత్తలో కలిసిపోయి ఉంటుందనుకున్నాను.

చిన్నాయన మా బాపుకు అందరికంటే చిన్న తమ్ముడు. లాల్‌గడి మలక్‌పేట్‌లో కొద్దిపాటి చెలక భూమి, ఒక బోరు, రెండు బర్రెలు ఆయన ఆస్తి. చుట్టూ పొలాలన్నీ ప్లాట్లయి, హద్దురాళ్లు పాతుకుని నిలబడితే, ఆయన మాత్రం మధ్యలో కొత్తిమీర చల్లుకుంటూ ఉండిపోయాడు. మాటకారి. కూరగాయలు తూచి ఇచ్చాక పైన ఒక గుప్పెడు మిరపకాయలు వేయకపోతే ఆయన చెయ్యి ఊరుకోదు. అందుకు చిన్నమ్మ రోజూ తిట్టేది. పెళ్లయిన చాలా ఏళ్లకు, ఇక పిల్లలు లేరనుకున్నాక పుట్టింది ఈ పిల్ల. అప్పటికి నాకు పెళ్లయి మేడ్చల్‌లో కాపురం. అంగన్‌వాడీలో పని దొరికిన కొత్త. సెలవు దొరికితే చాలు, పోయి చంకనెత్తుకునేదాన్ని. నా పిల్లలకంటే ముందు నేను లాలపోసింది దానికే.

చెల్లె చదువంతా సర్కారు బడిలో, ఆ తర్వాత సర్కారు కాలేజీలో, తెలుగులోనే. లెక్కలంటే ప్రాణం. బర్రెల కొట్టం గోడ మీద బొగ్గుతో లెక్కలు చేసేది, చిన్నమ్మ పేడ అలికి చెరిపేసేది, మళ్లీ చేసేది. ఇంటరు కాగానే ఎంసెట్ రాస్తే మంచి ర్యాంకే వచ్చింది. జవహర్‌నగర్ వైపు ఒక పెద్ద ఇంజనీరింగ్ కాలేజీలో సీటు వచ్చింది. మా వంశంలో ఇంటరు దాటినవాళ్లు లేరు. నేనే ఇంటరు దగ్గర ఆగిపోయినదాన్ని. ఆ కబురు విన్న రోజు నేను ఇంట్లో ఒక్కదాన్నే కూర్చుని ఏడ్చాను, సంతోషంతోనే.

చిన్నాయన ఏడవలేదు. మేడ్చల్‌కు బస్సెక్కి ఫ్లెక్సీ కొట్టించాడు. ఈ రోజుల్లో మా వైపు ఏం జరిగినా ముందు ఫ్లెక్సీ పడాలి. పుట్టినరోజుకు ఫ్లెక్సీ, అయ్యప్ప మాల వేస్తే ఫ్లెక్సీ, వార్డు మెంబరు అయితే ఆ వార్డుకంటే పెద్ద ఫ్లెక్సీ. ఆ రోజు నేనూ ఆయన వెంట వెళ్లాను. చెల్లె చిన్న ఫొటో ఒకటి తీసుకుపోయాం, ఇంటరు హాల్‌టికెట్ కోసం దిగినది. షాపులో పిల్లవాడు కంప్యూటర్ ముందు కూర్చుని అడిగాడు, "పటేలా, గౌను ఏద్దామా, ఉన్న డ్రెస్సే ఉంచుదామా? గౌనైతే మస్తు లుక్కొస్తది."

"గౌనే ఏయ్ రా. ఎట్లన్న ఏసుకునేదే గద," అన్నాడు చిన్నాయన.

అలా కాలేజీ ఇంకా తెరవకముందే మా చెల్లె పట్టా పుచ్చుకుంది. మెడ కొంచెం పక్కకు అతికింది కానీ, మొత్తానికి బాగానే ఉంది. పేరు ముందు 'ఇంజనీర్' అని పెద్ద అక్షరాలు. కింద సర్పంచి, ఉపసర్పంచి, యువజన సంఘం పిల్లలందరి మొహాలు, ఒక మూల దండం పెడుతున్న చిన్నాయన. తీసుకొచ్చి ఊరి బస్టాపులో, అందరికీ కనిపించేలా కట్టించాడు.

రోజూ పొద్దున కాలేజీకి పోవాలంటే చెల్లె ఆ బస్టాపులోనే నిలబడాలి. తన బొమ్మ కిందే. పైన నల్లగౌను, కింద చున్నీ సర్దుకుంటున్న పిల్ల. ఊళ్లో అప్పటికే ఆమె పేరు పోయి 'ఇంజనీరమ్మ' స్థిరపడింది. ఎవరి టీవీ రిమోట్ పనిచేయకపోయినా తెచ్చి ఆమె చేతిలో పెట్టేవారు. ఒక పెద్దమనిషి బోరు స్టార్టర్ విప్పి సంచిలో వేసుకుని వచ్చాడు. తను చదివేది కంప్యూటర్లని చెబితే, "గదైతే ఇంక పెద్దది గదనే, గిదెంత నీకు!" అన్నాడు. మొదటి రోజుల్లో ఇవన్నీ చెప్పి నవ్వేది. కాలేజీ సంగతులూ చెప్పేది. అక్కడ గాలి మళ్లితే చెత్త డంపు వాసన గుప్పున వస్తుందట, కిటికీలు మూసి పాఠం చెబుతారట. "సదువుకు వాసనేందే, ముక్కు మూస్కొని ఇను," అనేవాడు చిన్నాయన.

దసరా దాటాక చెప్పడం తగ్గింది. అడిగితే "మంచిగనే ఉంది" అనేది. ఒకసారి నా దగ్గరికి వచ్చినప్పుడు పుస్తకం తెరిచి చూశాను. లెక్కలు అవే, నా కళ్లకు కనిపించే అంకెలు అవే, మధ్యలో మాటలన్నీ ఇంగ్లీషు. ఆ మాటల మీద పెన్సిలుతో తెలుగు అక్షరాల్లో చిన్నగా పలుకుబడి రాసుకుంది. ఒక్కో పేజీ చీమలు పట్టినట్టుంది. రాసుకుంటూ ఉంటే సారు ముందుకు పోతాడట, వింటూ ఉంటే రాసుకోవడానికి కుదరదట. అప్పుడు అది చెప్పిన మాట అదొక్కటే. మొదటి పరీక్షల్లో ఎన్ని తప్పిందో ఇంట్లో ఎవరికీ తెలియదు.

ఆ చలికాలంలోనే ఒకరోజు, నేను అక్కడే ఉన్నాను, వాళ్ల నాయినను అడిగింది. "నాయినా, గా ఫ్లెక్సీ తీసెయ్ రాదే."

"ఎందుకు బిడ్డా? దిష్టి తగుల్తాందా?"

అది బ్యాగు భుజాన వేసుకుని బయటికి పోయింది. చిన్నాయనకు అర్థమైనట్టే తల ఊపాడు. మర్నాడు బస్టాపుకు పోయి ఫ్లెక్సీకి నిమ్మకాయలు, పచ్చిమిరపకాయలు గుచ్చి కట్టి వచ్చాడు. పైగా తుడిచాడు కూడా, దుమ్ము పట్టిందని.

ఎండాకాలం పరీక్షల రోజు వచ్చింది. పొద్దున చిన్నమ్మ బిందెతో నీళ్లు పట్టుకుని బిడ్డకు ఎదురొచ్చింది, శకునం మంచిదవ్వాలని. బిడ్డ పోగానే నాకు ఫోను చేసింది. దేవరయాంజాల్ సీతారామస్వామికి బిడ్డ పేరున కొబ్బరికాయ కొట్టాలి, తోడు రమ్మంది. మేం గుడికి చేరేసరికి ఎండ ముదిరింది. పాత రాతి మండపంలో చల్లగా ఉంది. ఒక స్తంభానికి ఆనుకుని ఎవరో పిల్ల, పక్కన కాలేజీ బ్యాగు, ముందు మూత తీసిన టిఫిను డబ్బా. పొద్దున చిన్నమ్మ కట్టిచ్చిన పులిహోర. చిన్నమ్మ ముందు డబ్బాను గుర్తుపట్టింది, తర్వాత పిల్లను.

ఎవరూ అరవలేదు. చిన్నమ్మ అరుస్తుందేమోనని నేను భయపడ్డాను. చిన్నమ్మ పోయి పక్కన కూలబడి, "తిన్నవా?" అంది.

"పరీక్షకు కూసోనిస్తలేరమ్మా," అంది చెల్లె. "హాజరు సాల్లేదట."

"రోజు పోతనే ఉంటివి గద బిడ్డా."

"తూంకుంట కాడ దిగి ఆటోల గీడికొస్తున్న. సంక్రాంతి సంది."

చిన్నమ్మ టిఫిను డబ్బాకు మూత పెట్టి బ్యాగులో సర్దింది. తర్వాత లేచింది. "తెచ్చిన కాయ ఎన్కకు తీస్కపోవద్దు," అని పూజారి చేతిలో పెట్టింది. ఎవరి పేరున అని ఆయన అడిగితే బిడ్డ పేరు చెప్పింది, గోత్రం చెప్పింది, దేనికని అడిగితే "పరీక్షకు" అంది. కాయ నిండుగా, తెల్లగా, చక్కగా పగిలింది. అది చూసి నాకు కలిగినంత దుఃఖం ఇంకెప్పుడూ కలగలేదు.

తర్వాత చిన్నాయనా నేనూ కాలేజీకి పోయాం. ఆయన గేటు దగ్గరే చెప్పులు విప్పబోతే నేను ఆపాను. అక్కడ ఒక మేడం మమ్మల్ని కూర్చోబెట్టి, మంచినీళ్లిచ్చి మాట్లాడింది. పిల్ల మందబుద్ధి కాదంది. తెలుగులో చదివి వచ్చినవాళ్ల కోసం సాయంత్రాలు వేరే క్లాసు పెట్టామని, మొదటి రోజు వచ్చి గుమ్మం దాకా చూసి వెళ్లిపోయిందని, ఎన్నిసార్లు పిలిచినా రాలేదని చెప్పింది. వచ్చే ఏడు మళ్లీ మొదటి నుంచి చేరవచ్చంది. చిన్నాయనకు ఆ మాటతో ప్రాణం లేచి వచ్చింది. దారి పొడవునా, "ఏడాదే గదనే, ఏడాదెంత!" అంటూనే ఉన్నాడు.

ఇంటికి వచ్చి, ఆ క్లాసుకు ఎందుకు పోలేదే అని నేనడిగాను. అది కొత్తిమీర కట్టలు కడుతోంది. తల ఎత్తకుండానే చెప్పింది. "ఆడ కూసుంటే నాకు రాదని అందరికి ఎర్కయితది అక్కా. మనూరి పోరలు గూడ ఉన్నరు గా కాలేజ్ల. బస్టాపుల ఇంజనీర్ అని రాసుండె గద. ఇంజనీరమ్మకు ఏబీసీడీలు సెప్తున్నరంటరు."

చిన్నాయన గుమ్మంలోనే ఉన్నాడు. విన్నాడు. మర్నాడు నిచ్చెన వేసుకుని ఫ్లెక్సీ తీశాడు. ముందు నిమ్మకాయల కుచ్చు విప్పి, తర్వాత తాళ్లు విప్పాడు. ఎవరో ఎందుకు తీస్తున్నావంటే, "గాలికి సినుగుతాంది," అన్నాడు. కానీ అప్పటికి ఆలస్యమైంది. "మల్ల గా బస్టాపుల నిలవడ, నాతోని కాదు," అంది చెల్లె. నేను బతిమాలాను, కోప్పడ్డాను, మేడంతో ఫోన్లో మాట్లాడించాను. ఊహూఁ. ఆ జూన్‌లో కాలేజీ తెరిచిన రోజు అది పొద్దెక్కేదాకా ముసుగు తన్ని పడుకుంది. ఇప్పుడు శామీర్‌పేట అవతల మందుల కంపెనీలో ప్యాకింగ్ చేస్తోంది. నెత్తికి టోపీ, ఒంటికి పొడుగు గౌను వేసుకుని నిలబడే పనే. రెండూ తెల్లవి.

నాకు ఇప్పటికీ కోపం వస్తుంది, ఎవరి మీదో మాత్రం తేల్చుకోలేను. సీటు దొరికితే చదువు దొరికినట్టేనని మనందరికీ ఒక నమ్మకం. గేటు తీస్తారు, లోపలికి పంపి చప్పట్లు కొడతారు. ఆ చప్పట్ల మధ్య పిల్ల "నాకు అర్థం కావట్లేదు" అంటే ఎవరికి వినిపిస్తుంది? చిన్నాయనది ప్రేమ కాదని అనగలనా? ఆయన ప్రేమ పొడుగూ వెడల్పూ ఇదిగో, నా నెత్తి మీదే ఉంది. వాన నీళ్లు దాని మీద గుంట కట్టి, గౌను కిందికి బరువుగా వేలాడుతోంది.

వాన కొంచెం తెరిపిచ్చింది. చిన్నాయన కర్రతో ఆ నీటి గుంటను పైకి ఎత్తి బయటికి దొర్లించాడు, బొమ్మ మొహానికి కర్ర తగలకుండా పక్కనుంచి. ఉండబట్టలేక అడిగాను. "చిన్నాయనా, బొమ్మ లోపటికి తిప్పి కట్టినవేంది? నలుగురు సూస్తరనా?"

ఆయన నా వైపు వింతగా చూశాడు. "సూస్తే ఏందే? మీదికి పెడితే ఎండకు రంగు పోతది."

అప్పుడే కంపెనీ బస్సు ఆగింది. చెల్లె దిగి, పరుగున వచ్చి, నన్ను చూసి నవ్వి, "ఎప్పుడొచ్చినవ్ అక్కా?" అంటూ తడిసిన గోనెసంచి తీసి పాలకూర కట్టలు సర్దడం మొదలుపెట్టింది. తల ఒక్కసారీ పైకెత్తలేదు. కణతల దగ్గర నాలుగైదు తెల్ల వెంట్రుకలు కనిపించాయి. పైన ఉన్న పిల్లకు ఇంకా పద్దెనిమిదేళ్లే, రేపో మాపో కాలేజీ తెరుస్తారని ఎదురుచూస్తోంది. ఎండ తగలకుండా మా చిన్నాయన దాచిపెట్టిన కాలం అదొక్కటే. మిగతాదంతా రోడ్డు మీది బస్సుల్లా మా ముందునుంచే వెళ్లిపోయింది.