నారుమడికి కట్టిన దోమతెర

నాకు కోపం ముక్కు మీదే ఉంటుంది. వ్యవసాయ విస్తరణాధికారిగా బూర్గంపాడు దాటాక వచ్చే అడవి పల్లెలు తిరిగిన రోజుల్లో ఎందరి మీద అరిచానో చెప్పలేను. ఒక్క అవ్వ ముందు మాత్రం నా అరుపులు చెల్లలేదు.

ఊరి చివర ఎకరం వరి ఆమెది. ఒంటరి మనిషి, ఆ ఎకరంలో పండిందే ఏడాది తిండి. నేను చేరిన మొదటి వానాకాలం ఆమె పొలంలో ఆకులు కొసల నుంచి పసుపుగా, తర్వాత నారింజ రంగుకు తిరిగాయి. గట్టు మీద నుంచే చూసి, జింకు లోపమని చీటీ రాసిచ్చాను. బురదలోకి దిగి చూడాల్సింది, బద్ధకించాను. దుబ్బులు గిడసబారిపోయాయి, కంకులు తాలుపోయాయి. అది తుంగ్రో వైరస్ అనీ, పచ్చదోమ ఒక మొక్క రసం పీల్చి ఇంకో మొక్కకు అంటిస్తుందనీ తేలేసరికి చెయ్యడానికేం మిగల్లేదు. ఆ ఏడాదంతా అవ్వ రేషన్ బియ్యంతో, అడవి గడ్డలతో నెట్టుకొచ్చింది. నన్ను ఒక్క మాట కూడా అనలేదు. తిట్టినా బాగుండేది.

మరుసటి ఏడు నారు పొయ్యకముందే వెళ్ళి, తప్పు నాదేనని ఒప్పుకున్నాను. పాత దుబ్బులన్నీ దున్నెయ్యమన్నాను. దోమ కుట్టి రోగం అంటుకుంటే ఇక మందు లేదనీ, నారుమడిలోనే దోమను రానివ్వకూడదనీ రెండుసార్లు చెప్పాను. దోమకు కొట్టే మందు పేరు రాసిస్తే చీటీని చూరులో దోపింది. నా చీటీలంటే ఆమెకు నమ్మకం పోయినట్టుంది.

కొన్నాళ్ళకు వెళ్ళి చూస్తే ఒక మడి చుట్టూ వెదురు కర్రలు పాతి, పైన దోమతెర కట్టి ఉంది. మలేరియా రాకుండా సర్కారు ఇంటింటికీ పంచిన తెర అది. నాకు ఒళ్ళు మండింది. మనుషుల్ని కుట్టే దోమ వేరు, వరిని కుట్టే దోమ వేరని అందుకున్నాను.

"పచ్చదోమ నాకు తెల్వదా బిడ్డా? తెర ఆపేది దోమనే గద. ఏ దోమైతే ఏంది?"

విసురుగా తెర అంచు ఎత్తాను. లోపల నారు నిగనిగలాడుతోంది, ఒక్క దోమ లేదు. తెర సరిపోక వదిలేసిన రెండో మడిలో చెయ్యి ఆడిస్తే పచ్చదోమలు గుప్పున లేచాయి. ఎత్తిన అంచు మెల్లగా దించాను. ఆ ఇంటికి ఇచ్చింది ఒక్కటే తెర అన్న సంగతి అప్పుడు తట్టింది. మరి నువ్వెట్లా పడుకుంటున్నావని అడిగాను.

"నాకు జరమొస్తే దవాఖానా ఉన్నది," అంది అవ్వ. "నారుకు మందు లేదని నువ్వే అంటివి గద."

మర్నాడు నా మంచానికి కట్టుకున్న తెర విప్పి, మడిచి, బండి మీద పెట్టుకుని వెళ్ళాను. ఇది నీ మంచానికే కట్టుకోవాలని మరీ మరీ చెప్పి చేతిలో పెట్టాను. అవ్వ తల ఊపింది. తెరను బార్లా చాపి వెడల్పు చూసుకుని, నేరుగా రెండో మడి వైపు నడిచింది.